భూమి తగాదాలలో ఠాణా, న్యాయస్థానం

కోర్టులో ఓడినవాడు అక్కడే ఏడిస్తే, గెలిచినవాడు ఇంటికి వచ్చి ఏడ్చాడని మనలో ఒక సామెత ఉన్నది. వ్యాజ్యానికి అయ్యే ఖర్చును గురించిన మాటగానే సాధారణంగా దీనిని మనం భావిస్తాం. కాని భూమి తగాదాల విషయంలో దీనికి మరొక అర్థం కూడా చెప్పుకోవచ్చు. న్యాయస్థానం ఇచ్చేది తీర్పు. రైతుకు కావలసినది నాగలి సాగే నేల. తీర్పు చేతికి వచ్చినంత మాత్రాన నేల చేతికి రాదు. భారతదేశంలో వ్యాజ్యగాని కష్టాలు డిక్రీ పొందిన తరువాతనే మొదలవుతాయనే అభిప్రాయాన్ని 1872లో లండనులోని ప్రివీ కౌన్సిలు కూడా ఒక తీర్పులో వెల్లడించింది. సామెత చెప్పిన పల్లెటూరివానికీ, ఆ న్యాయమూర్తులకూ తెలిసిన సత్యం ఒక్కటే.

హక్కు ఎవరిదో తేల్చడం సివిలు న్యాయస్థానం పని. ఆ హక్కు తేలేలోగా గ్రామంలో నెత్తురు చిందకుండా చూడడం పోలీసుల పని. ఈ రెండు పనులూ వేరువేరుగా ఉండి, ఒకదానికొకటి తోడుగా నిలిచినప్పుడే బీదవానికి భూమి దక్కుతుంది. రెండూ ఒక్కరి గుప్పిటిలో పడితే ఏమవుతుందో, రెండింటికీ సంబంధమే లేకుండా పోతే ఏమవుతుందో తెలుసుకోవడానికి మనం దూరదేశాల చరిత్ర చదవనక్కరలేదు. జనగామ, మహబూబాబాదు, భూపాలపల్లి ప్రాంతాల గత ఎనభై ఏండ్ల చరిత్ర చాలు. ఈ మూడూ 2016 అక్టోబరు 11న జిల్లాలుగా ఏర్పడ్డాయి. అంతకుముందు ఇవి ప్రధానంగా వరంగల్లు జిల్లాలోని భాగాలు. నిజాం పాలనలో మాత్రం జనగామ తాలూకా నల్లగొండ జిల్లాలో ఉండేది.

చట్టాల విషయంలో హైదరాబాదు రాజ్యం వెనుకబడి ఉండేదని చెప్పడానికి వీలులేదు. న్యాయశాఖను కార్యనిర్వాహక శాఖనుంచి 1920ల తొలి సంవత్సరాలలోనే వేరుచేసిన సంస్థానం అది. ఆ కాలంలో బ్రిటిషు ఇండియాలో కలెక్టరు అనేకచోట్ల జిల్లా మేజిస్ట్రేటు అధికారాలను కూడా చెలాయించేవాడు. పట్టణాలలో మున్సిఫు కోర్టులు ఉండేవి, వకీళ్లు ఉండేవారు, అప్పీలుకు హైకోర్టు ఉండేది. కాని ఆ న్యాయస్థానాల భాష ఉర్దూ, రైతు భాష తెలుగు. తన దావాలో ఏమి వ్రాశారో, తన సాక్ష్యాన్ని ఎట్లా నమోదు చేశారో అతడు ఇంకొకరిని అడిగి తెలుసుకోవలసి వచ్చేది.

భాషకంటె పెద్ద అడ్డంకి గ్రామంలోనే ఉండేది. మాలీ పటేలు శిస్తు వసూలు చేసేవాడు. పోలీసు పటేలు శాంతిభద్రతలు చూచేవాడు. పట్వారీ భూమి లెక్కలు వ్రాసేవాడు. ఈ ఉద్యోగాలు వంశపారంపర్యంగా వచ్చేవి. వీరి పైన దేశముఖు ఉండేవాడు. జనగామ తాలూకాలోని విసునూరు దేశముఖు రామచంద్రారెడ్డి ఆధీనంలో 40,000 ఎకరాల భూమి ఉండేదని ఆ కాలపు చరిత్ర వ్రాసినవారు పేర్కొన్నారు. అంతటి భూస్వామి ఎదుట పోలీసు పటేలు ఫిర్యాదు వ్రాసుకోగలడా? పట్వారీ పహాణీలో ఉన్నదున్నట్లు నమోదు చేయగలడా? రాజధానిలో వేరుపడిన అధికారాలు గడీ వాకిట మళ్లీ ఒక్కటయ్యేవి.

కామారెడ్డిగూడెం రైతు షేక్ బందగీ కథను ఈ వెలుగులోనే మనం అర్థం చేసుకోవాలి. ఆ గ్రామం నేటి జనగామ జిల్లా దేవరుప్పుల మండలంలో ఉన్నది. తగాదా నిజానికి చిన్నది, కుటుంబపు భూమి పంపకానికి సంబంధించినది. కాని ఎదుటి పక్షానికి విసునూరు దేశముఖు అండగా నిలిచాడు. బందగీ వెనుకంజ వేయలేదు, దొర కాళ్లమీద పడలేదు, కర్ర పట్టలేదు. కోర్టుకు వెళ్లాడు. వాయిదాలు తిరిగాడు. చివరకు గెలిచాడు. దొరకు వ్యతిరేకంగా ఒక సామాన్య రైతు కోర్టులో నెగ్గడం ఆ ప్రాంతంలో అపూర్వమైన సంగతి. ఆ గెలుపును దొర సహించలేదు. 1940ల ఆరంభంలో దారికాచి బందగీని నరికి చంపారు.

ఇక్కడ మనం ఒక్క క్షణం ఆగి ఆలోచించవలసి ఉన్నది. బందగీ విషయంలో న్యాయస్థానం విఫలం కాలేదు. హక్కు అతనిదేనని చెప్పింది. కాని ఆ తీర్పును గ్రామంలో నిలబెట్టే చేయి లేదు. గెలిచినవాని ప్రాణానికి కావలి లేదు. సామెతలో గెలిచినవాడు ఇంటికి వచ్చి ఏడ్చాడు. బందగీని ఇంటికే రానీయలేదు. అతని సమాధి జనగామ-సూర్యాపేట మార్గంలో ఉన్నది. సుంకర సత్యనారాయణ, వాసిరెడ్డి భాస్కరరావుల ‘మా భూమి’ నాటకానికి 1947లో ఆధారమైనది ఈ రైతు కథయే.

బందగీ కథలో డిక్రీకి కాపు లేకపోయింది. చిట్యాల ఐలమ్మ కథలో ఇంకొక విషయం కనిపిస్తుంది. భూమి కాజేయడానికి క్రిమినలు కేసు ఎట్లా ఆయుధమవుతుందో అది చూపుతుంది. పాలకుర్తిలో ఐలమ్మ మల్లంపల్లి భూస్వామి వద్ద కౌలుకు భూమి తీసుకుని సాగుచేసుకుంటున్నది. ఆంధ్రమహాసభ సంఘంలో చేరింది. ఆమెను లొంగదీయడానికి ముందుగా ఆమె కుటుంబంమీద, సంఘంవారిమీద కేసులు పెట్టించారు. ఆ ఎత్తు కోర్టులో సాగలేదు. తరువాత పండిన పంటనే కోసుకుపోవడానికి గడీనుంచి మనుషులు వచ్చారు. సంఘం కార్యకర్తలు వారిని తరిమి, పంట కోసి ఐలమ్మ ఇంటికి చేర్చారు. ఆ పిమ్మట పోలీసులు వచ్చి అరెస్టు చేసినది పంట కాజేయవచ్చినవారిని కాదు, పంట కాపాడినవారిని. 1944-46 మధ్యకాలపు ఈ సంఘర్షణలో పోలీసులు ఎవరి పక్షాన నిలిచారో ఊరంతా చూచింది.

న్యాయస్థానంలో గెలుపు ప్రాణం కాపాడదని, ఠాణా న్యాయం వినదని ప్రజలకు రూఢి అయిన తరువాత ఏమి జరుగుతుంది? 1946 జులై 4న కడవెండిలో ఊరేగింపుగా వెళుతున్న ప్రజలమీద గడీవారు కాల్పులు జరిపారు. దొడ్డి కొమరయ్య నేలకొరిగాడు. ఆ తరువాత వచ్చిన సాయుధ పోరాటం 1951 అక్టోబరు వరకు సాగింది. ఆ పోరాటానికి కారణాలు అనేకం. వెట్టిచాకిరి ఉన్నది, లెవీ ధాన్యం ఉన్నది, బేదఖళ్లు ఉన్నవి. కాని చట్టబద్ధమైన తలుపులన్నీ తట్టి చూచినవారి నిరాశ కూడా ఆ కారణాలలో ఒకటి అని మనం మరువరాదు.

1948 సెప్టెంబరులో హైదరాబాదు రాజ్యం భారత యూనియనులో కలిసింది. 1949 ఆగస్టులో జాగీర్ల రద్దుకు శాసనం వచ్చింది. 1950లో వచ్చిన కౌలుదారీ చట్టం రక్షిత కౌలుదారు అనే హక్కును కల్పించింది. ఐలమ్మవంటి కౌలు రైతును ఇష్టం వచ్చినప్పుడు వెళ్లగొట్టడానికి ఇక వీలులేదన్నమాట. భారత సివిలు ప్రొసీజరు కోడును, క్రిమినలు ప్రొసీజరు కోడును 1951లో ఈ ప్రాంతానికి వర్తింపజేశారు. 1954-55లో ప్రతి గ్రామంలోనూ ఏ సర్వే నంబరు ఎవరి పేర ఉన్నది, ఎవరు సాగు చేస్తున్నారు అని విచారించి ఖాస్రా పహాణీ తయారు చేశారు. నేటికీ తెలంగాణ కోర్టులలో పాత భూమి దావా వచ్చినప్పుడు వకీళ్లు ముందుగా వెదికే కాగితాలలో అది ఒకటి. వంశపారంపర్యపు పటేలు, పట్వారీ ఉద్యోగాలు 1984లో రద్దయ్యాయి. ఐలమ్మ 1985 సెప్టెంబరు 10న మరణించేనాటికి, ఆమె పోరాడిన గ్రామాధికార వ్యవస్థ కాగితంమీద లేకుండా పోయింది.

అయితే కొత్త చట్టాలతో కొత్త చిక్కు ఒకటి వచ్చింది. పూర్వం రైతుకు ఏ తలుపు తట్టినా తెరుచుకునేది కాదు. ఇప్పుడు తలుపులు అనేకం, ఏ పనికి ఏది తట్టాలో తెలియదు. ఠాణా ఉన్నది, తహసీలు ఉన్నది, సివిలు కోర్టు ఉన్నది. ఒక ఉదాహరణతో దీనిని విడమరచి చూద్దాం.

ఒక రైతు పొలం గట్టును పొరుగువాడు రాత్రికి రాత్రి చెరిపి, రెండు సాళ్లు లోపలికి దున్నాడనుకుందాం. అడగబోయిన రైతును కొట్టాడనుకుందాం. కొట్టడం నేరం, బెదిరించడం నేరం, దొంగ దస్తావేజు పుట్టించడం నేరం. వీటికి ఠాణాకు వెళ్లవలసినదే, పోలీసులు ఫిర్యాదు తీసుకోవలసినదే. ‘ఇది సివిలు వ్యవహారం, కోర్టుకు పోండి’ అని దెబ్బలు తిన్నవానిని తిప్పి పంపరాదు. కాని గట్టు నిజంగా ఎక్కడ ఉండాలి అన్నది పోలీసులు తేల్చేది కాదు. ఇరుపక్షాలను ఠాణాలో కూర్చోబెట్టి, పంచాయితీ జరిపి, కాగితం వ్రాయించి, ఒకరిని దిగిపొమ్మని చెప్పే అధికారం ఏ ఇన్‌స్పెక్టరుకూ చట్టం ఇవ్వలేదు. మొదటిది చేయవలసిన పనిని తప్పించుకోవడం, రెండవది చేయరాని పనిని నెత్తిన వేసుకోవడం. మన గ్రామాలలో భూమి తగాదాలు ముదరడానికి ఈ రెండూ కారణాలే.

తగాదావల్ల కొట్లాట జరుగుతుందన్న భయం ఉంటే, పోలీసులు ఎగ్జిక్యూటివు మేజిస్ట్రేటుకు నివేదించవచ్చు. పూర్వపు క్రిమినలు ప్రొసీజరు కోడులో ఇది 145వ సెక్షను. 2024 జులై 1నుంచి అమలులోకి వచ్చిన భారతీయ నాగరిక సురక్షా సంహితలో ఇది 164వ సెక్షను. ఆ మేజిస్ట్రేటు కూడా హక్కు ఎవరిదని విచారించడు. భూమి వాస్తవంగా ఎవరి స్వాధీనంలో ఉన్నదన్నంతవరకే చూస్తాడు. రెండు నెలలలోపల ఎవరినైనా బలవంతంగా వెళ్లగొట్టి ఉంటే, వారినే స్వాధీనంలో ఉన్నవారిగా పరిగణించవచ్చు. స్వాధీనాన్ని గురించి సివిలు కోర్టులో దావా నడుస్తూ ఉండగా, దానికి సమాంతరంగా ఈ విచారణ జరపడం తగదని సుప్రీంకోర్టు 1985లోనే చెప్పింది.

ఇక సివిలు కోర్టు. భూమినుంచి అన్యాయంగా వెళ్లగొట్టబడినవాడు, హక్కు సంగతి అటుంచి, ఆరు నెలలలోపల దావా వేసి స్వాధీనం తిరిగి పొందవచ్చు. 1963 నాటి స్పెసిఫిక్ రిలీఫ్ చట్టంలోని 6వ సెక్షను ఇది. ఈ గడువు తెలియక నష్టపోయినవారు ఎందరో! పెద్దమనుషుల చుట్టూ, ఠాణా చుట్టూ తిరుగుతుండగానే ఆరు నెలలు గడిచిపోతాయి. ఆ తరువాత హక్కు రుజువు చేసుకుని దావా వేయవలసిందే, అది సంవత్సరాల తరబడి నడవవలసిందే. స్థిరంగా స్వాధీనంలో ఉన్నవానిని, అతనికి హక్కు లేకపోయినా సరే, చట్టప్రకారం తప్ప బలంతో వెళ్లగొట్టరాదని సుప్రీంకోర్టు 1989లో స్పష్టం చేసింది. ఈ సూత్రం అసలు యజమానికి మొదట చేదుగా తోస్తుంది. కాని బలవంతుడు తానే యజమానినని చెప్పుకోవడం ఎంత సులభమో జనగామ చరిత్ర మనకు చెప్పింది గదా!

దావా గెలిచిన తరువాత అమలు దరఖాస్తు వేసుకోవాలి. కోర్టు అమీను వచ్చి స్వాధీనం ఇప్పిస్తాడు. ఎవరైనా అడ్డగిస్తే, కోర్టు ఉత్తర్వుమీద పోలీసులు బందోబస్తుకు వస్తారు. బందగీకి లేకపోయినది ఈ చివరి మెట్టే. ఇది నేటికీ బలహీనంగానే ఉన్నదని ఒప్పుకోవలసి ఉన్నది. అమలు దరఖాస్తులను ఆరు నెలలలో తేల్చాలని 2021లో సుప్రీంకోర్టు ఆదేశించింది. 2025 అక్టోబరులో అదే న్యాయస్థానం లెక్కలు తెప్పించి చూడగా, దేశమంతటా 8,80,000కు పైగా అమలు దరఖాస్తులు పెండింగులో ఉన్నట్లు తేలింది. గెలిచికూడా ఎదురుచూస్తున్నవారి లెక్క ఇది.

మహబూబాబాదు జిల్లాలోని కొత్తగూడ, గంగారం, బయ్యారం వంటి ఏజెన్సీ ప్రాంతాలకు వస్తే, తలుపులలో మరొకటి చేరుతుంది. గిరిజనుల భూమి గిరిజనేతరుల చేతికి పోకుండా కాపాడడానికి చేసిన 1959 నాటి భూబదలాయింపు నిబంధనలను 1963లో తెలంగాణ ఏజెన్సీకి విస్తరింపజేశారు. 1970లో వాటిని మరింత కట్టుదిట్టం చేశారు. ఆ ప్రాంతంలో గిరిజనేతరుని చేతిలో ఉన్న భూమి గిరిజనునినుంచి వచ్చినదేనని, అట్లా కాదని రుజువయ్యేవరకు, చట్టం భావిస్తుంది. 1988లో సుప్రీంకోర్టు ఈ చట్టాన్ని సమర్థించింది. ఇటువంటి బదలాయింపులను విచారించే అధికారం ఏజెంటుకు, ఆయన క్రింది అధికారులకు అప్పగించబడినది. బాండు కాగితం చూపి, ఠాణాలో పలుకుబడి చూపి గిరిజన రైతును భూమినుంచి దింపడానికి అక్కడ చట్టరీత్యా తావు లేదు.

భూపాలపల్లి ప్రాంతపు కొంపల్లి గ్రామంలోని 171వ సర్వే నంబరు వ్యాజ్యం మనకు ఇంకొక పాఠం చెబుతుంది. అది 106 ఎకరాల అటవీభూమి. దానిమీద ఒక ప్రైవేటు వ్యక్తి హక్కు కోరుతూ వేసిన దావా దశాబ్దాలు నడిచింది. ఒకసారి అటవీశాఖ పక్షాన తీర్పు చెప్పిన హైకోర్టే, తరువాత పునస్సమీక్షలో ఆ తీర్పును తారుమారు చేసింది. 2024 ఏప్రిల్ 18న సుప్రీంకోర్టు ఆ పునస్సమీక్ష తీర్పును కొట్టివేసింది. అంతటితో ఆగక, హక్కు కోరిన పక్షంమీదనేగాక రాష్ట్ర ప్రభుత్వం మీద కూడా చెరి 5 లక్షల రూపాయల ఖర్చులు విధించింది. ప్రభుత్వంలోని అధికారులే పరస్పర విరుద్ధంగా ప్రమాణపత్రాలు దాఖలు చేయడం దానికి కారణం. కావలి కాయవలసినవారు ఒక్కమాటమీద లేకపోతే ప్రభుత్వ భూమికే దిక్కులేదు. ఇక ఎకరం, అరెకరం ఉన్న రైతు మాట చెప్పనేల?

అందువల్ల తగాదా రాకముందే కాగితం సరిచూచుకోవడం గృహస్థుని మొదటి బాధ్యత. తెల్లకాగితంమీద వ్రాసుకున్న సాదాబైనామా ఊళ్లో నమ్మకానికి గుర్తు కావచ్చు. రిజిస్ట్రేషను లేని ఆ కాగితం యాజమాన్యాన్ని ఇవ్వదు. 2020 నాటి పట్టాదారు పాసుపుస్తకాల చట్టం, దానితోపాటు వచ్చిన ధరణి విధానం, రెవెన్యూ కోర్టులను తొలగించి, వివాదం వచ్చినవారిని ఎక్కువగా సివిలు కోర్టులవైపు పంపాయి. 2025 ఏప్రిల్ 14నుంచి అమలులోకి వచ్చిన భూభారతి చట్టం రెవెన్యూ అధికారుల వద్ద అప్పీలుకు తిరిగి వీలు కల్పించింది. రికార్డులో తప్పు దిద్దించుకోవడానికి ఇప్పుడు తహసీలు తలుపు తట్టవచ్చు. హక్కు వివాదానికి మాత్రం సివిలు కోర్టే గతి.

ఆ కోర్టు పూర్వమంత దూరంలో లేదు. 2022 జూన్ 2న తెలంగాణలో 33 న్యాయ జిల్లాలు ఏర్పడి, జనగామకు, మహబూబాబాదుకు, భూపాలపల్లికి వేరువేరుగా జిల్లా న్యాయస్థానాలు వచ్చాయి. వకీలును పెట్టుకోలేనివారికి 1987 నాటి చట్టం క్రింద ఉచిత న్యాయసహాయం లభిస్తుంది. స్త్రీలకు, షెడ్యూల్డు కులాలవారికి, తెగలవారికి ఆదాయంతో నిమిత్తం లేకుండానే ఇది హక్కు. ఇరుపక్షాలూ రాజీకి వస్తే లోక్ అదాలత్ ఇచ్చే అవార్డు సివిలు కోర్టు డిక్రీతో సమానం, దానిమీద అప్పీలు లేదు. ఠాణాలో వ్రాయించుకున్న రాజీ కాగితానికి ఆ విలువ లేదు. ఈ భేదం ప్రతి ఇంటా తెలియవలసినది.

బందగీ, ఐలమ్మ ఇద్దరూ చట్టాన్ని ధిక్కరించి మొదలుపెట్టినవారు కారు. ఒకరు డిక్రీ నమ్ముకున్నారు, ఒకరు కౌలు నమ్ముకున్నారు. చట్టమే వారికి తోడు రాలేదు. నేడు జనగామ కోర్టులో తీర్పు పొంది ఊరికి తిరిగి వెళ్లే రైతుకు ఆ తీర్పు వెంట అమీను, అవసరమైతే పోలీసు బందోబస్తు కూడా నడిచి రావాలి. అతడు తన పొలంలో మొదటి సాలు దున్నేవరకు ఆ దావా పూర్తి అయినట్లు మనం లెక్కించరాదు.